మహాదేవమ్మ అన్న మాట

పొద్దున లేచింది మొదలు చేయవలసినవి ఇవి. వీధి కుళాయి దగ్గర జనం చేరకముందే బిందెలు నింపుకొని రావాలి. అత్తను ఒక పక్కకు తిప్పి, కింద పరచిన పాత చీర ముక్కలు లాగేసి, వీపు తుడిచి, పడక పుండ్లకు మందు రాసి, ఇంకో పక్కకు పడుకోబెట్టాలి. ఆ గుడ్డలు వేరే తొట్టిలో నానబెట్టాలి. ఆయనకు కాఫీ పెట్టాలి. కోర్టు కోటు దులిపి కొక్కేనికి తగిలించాలి. పాపకు జడ వేయాలి. రాగిజావ వడగట్టి, ప్రతి చెంచాకూ అత్త గొంతు కదిలిందా లేదా చూసుకుంటూ తాగించాలి. చచ్చుబడిన కాలూ చెయ్యీ నువ్వుల నూనెతో తోమాలి. కొర్రన్నం వండాలి, పప్పు ఎనపాలి. మిద్దె మీద మిరపకాయలు ఎండబెట్టాలి, కోతుల నుంచి కాపాడాలి. ఇవన్నీ అయినాక, వీలైతే, ఆఫీసుకు పోయి నా ఉద్యోగం సంగతి కనుక్కోవాలి.

'వీలైతే' అన్న మాట నాది కాదు, మా ఆయనది. “వీలైతే పోయిరా. కాకుంటే తొందరేముండాది?” అని కోటు వేసుకుంటూ అన్నాడు. ఆయన కోర్టుకు 'వీలైతే' పోడు. పోతాడంతే.

నా పేరు తిరుపతమ్మ. పులివెందుల పక్క పల్లెలో పుట్టినాను. మా వంశంలో ఆడా మగా కలిపి కాలేజీ గడప తొక్కిన మొదటి మనిషిని నేనే. మా నాయన సంతకం కూడా రానివాడు. నన్ను మద్రాసు పంపి చరిత్రలో ఎం.ఏ. చదివించినాడు. ఊర్లో నవ్వితే, “నా చేనికి నేను నీళ్ళు పెట్టుకుంటాండా, మీకేంటికి దప్పిక?” అనేవాడు. అట్లా చదివినదాన్ని కాబట్టి ఎవరు ఏ పని చెప్పినా నూటికి నూరు మార్కులు తెచ్చుకోవాలన్నట్టు చేసేదాన్ని. అనంతపురంలో లెక్చరరుగా మొదలై, కడపకు మారి, చివరికి పెళ్ళయిన ఊరని కర్నూలు వేయించుకున్నాను. మొత్తం ఎనిమిదేళ్ళ సర్వీసు. మగపిల్లల క్లాసులో మొదటిరోజు వెనక బెంచీ నుంచి పిల్లికూత వినబడితే, పిల్లిని బయట వదిలి రమ్మని చెప్పి పాఠం మొదలుపెట్టినదాన్ని. ఆ తర్వాత మళ్ళీ కూత వినలేదు.

కర్నూలుకు రాజధాని వచ్చిన ఏడాదే మా అత్తకు ఆ గాలి సోకింది. మా ఇంట్లో దాన్ని అట్లాగే అనాలి. 'ఆ గాలి'. దాని అసలు పేరు పక్షవాతం. ఆ పేరు ఇంట్లో ఎవరూ పలకకూడదు. మా అత్త మహాదేవమ్మకు అన్ని దేవుళ్ళకంటే తథాస్తు దేవతల భయం ఎక్కువ. వాళ్ళు ఇంటి మీదుగా తిరుగుతూ ఉంటారు, మనిషి నోట్లో నుంచి ఏ మాట వస్తే దానికి తథాస్తు అంటారు, అది జరిగి తీరుతుంది. బియ్యం అయిపోయినాయని అనకూడదు, నిండుకున్నాయనాలి. దీపం ఆరిపోయిందని అనకూడదు, కొండెక్కిందనాలి. పాపను విసుగు పుట్టి చావవే అని తిడితే, ఆమె లేచి వచ్చి నా నోటి మీద మెత్తగా ఒకటి కొట్టి, “నూరేళ్ళు బతకవే అను” అని అనిపించేది. కాళ్ళున్నప్పటి మాట అది.

ఆమె పడిపోయిన మరుసటి వారం మా మరిది నరసన్న పత్తికొండ పక్క ఊరి నుంచి పెళ్ళాంతో సహా వచ్చినాడు. వరండాలో చాప వేసుకొని అన్నదమ్ములు మాట్లాడుకున్నారు. నేను లోపల కాఫీ కలుపుతున్నాను. “మా దానికి చదువు రాదు కదన్నా. మాత్రల పేర్లు కూడా చదవలేదు. వదినైతే డాక్టరు చెప్పింది ఇంగ్లీషులో కూడా అర్థం చేసుకుంటాది” అన్నాడు మరిది. “పైగా వాళ్ళకు సెలవులు శానా ఇస్తారంట” అని ఆయన పెళ్ళాం అందుకుంది. మా ఆయన ఓబులేసు ఏమీ అనలేదు. ప్లీడరు కదా, తన పక్షానికి అనుకూలంగా వాదన నడుస్తున్నప్పుడు మధ్యలో నోరు తెరవడు. నేను కాఫీ తెచ్చి ఇచ్చేసరికి తీర్పు అయిపోయింది. మా నాయన ఊరంతా నవ్వినా చదివించిన చదువు, ఆ వరండాలో మాత్రల సీసా మీద పేరు చదవడానికి పనికొచ్చింది.

సెలవు చీటీ రాస్తున్న రోజు నాకు బాగా గుర్తుంది. వైద్యం చేస్తున్న డాక్టరు జ్ఞానరాజు గారు మంచివాడు, లోకం తెలిసినవాడు. “అమ్మా, మీకే జబ్బని రాయండి. నేను సర్టిఫికెట్టు ఇస్తాను. అత్తకు జబ్బు అంటే ఆఫీసులో దానికి సెలవు లేదు” అని ముందే చెప్పినాడు. అత్త మంచం పక్కనే కూర్చుని రాయడం మొదలుపెట్టినాను. సగం నోటితో, మాట ముద్దముద్దగా, “ఏం రాస్తాండావమ్మీ?” అని అడిగింది. అబద్ధం చెప్పడం చేతకాక చెప్పినాను. ఆమె పని చేసే ఎడమ చెయ్యి చాపి కాగితం పట్టుకుంది. “బంగారట్లా ఉండావు. నీ చేత్తో నువ్వే జబ్బు రాసుకుంటావా? వాళ్ళు తథాస్తు అంటే? నా మాదిరి పడితే నా మనవరాలికి ఎవురు?” అంది. ఒక కంటి నుంచే నీళ్ళు కారుతున్నాయి. రెండో కన్ను ఆ సరికే ఆమె మాట వినడం మానేసింది.

“పోనీ అత్తా, నీకని రాస్తా” అన్నాను.

ఆమె మొహం గోడకు తిప్పుకుంది. నోటితో అంటేనే జరిగేది, ఇంక సిరాతో రాస్తే అది తన ఒంట్లో నుంచి ఎప్పటికీ కదలదని ఆమె భయం. నేను ఎం.ఏ. చదివిన మనిషిని, ఇట్లాంటివన్నీ నమ్మేదాన్ని కాదు. కానీ ఎప్పుడు లేస్తానా అని రోజూ నా మొహంలోకి చూసే మనిషి పక్కన కూర్చుని, నీ భయం ఉత్తదే అని కాగితం మీద ఎట్లా రాసేది? చివరికి ఎవరికీ జబ్బు అంటకుండా 'సొంత పనుల మీద' అని రాసి పంపినాను. ఆమె గట్టిగా ఊపిరి పీల్చుకొని నిద్రపోయింది. ఆ సెలవు అయిపోతే మళ్ళీ పొడిగించినాను. మళ్ళీ అదే మాట. రాజధాని హైదరాబాదుకు పోయే ఏడు దాకా అదే మాట.

అత్త కొంచెం కుదుటపడింది, పగటిపూట చూసుకోవడానికి గిడ్డమ్మ అనే మనిషి కుదిరింది. తిరిగి చేరుతానని అర్జీ పెట్టుకుంటే ఆఫీసుకు రమ్మని కబురొచ్చింది. మొదట చెప్పినానే, ఆ పొద్దున పనులన్నీ ముగించుకొని నేను పోయింది దానికే.

హెడ్ గుమాస్తా శేషన్న గారు కుర్చీ వేసి కూర్చోబెట్టినాడు. ఫైలు తిరగేసి, కళ్ళద్దాలు తీసి తుడుచుకొని, “మీకు జబ్బు చేసింటే ఎంత బాగుండునమ్మా” అన్నాడు.

ఆయన వెటకారానికి అనలేదు. నిజంగానే బాధపడుతూ అన్నాడు. సొంత జబ్బుకు డాక్టరు సర్టిఫికెట్టు మీద పెట్టిన సెలవైతే సర్వీసు తెగదట. సొంత పనుల మీద ఇంత కాలం పోతే తెగుతుందట. తెగితే సెలవు కాలం ఒక్కటే పోదు, దాని వెనకున్న ఎనిమిదేళ్ళూ పెన్షన్‌కు లేకుండా పోతాయి. ఈ రోజు కొత్తగా చేరినట్టు చేరాలి. “ఇప్పుడు కూడా మించిపోలేదు. ఆ కాలమంతా మీకే బాగలేదని డాక్టరు రాసిస్తే పైకి పంపుతా. ఈడుండే ఫైళ్ళన్నీ మూటలు కట్టి హైదరాబాదుకు పంపుతాండారు. ఆలోగా తెచ్చివ్వండి” అన్నాడు.

ఆఫీసు వరండాలో మా కాలేజీ లైబ్రరీ పుల్లయ్య గారు ఎదురైనాడు. నలభై రెండులో క్విట్ ఇండియా అని ఆయన జైలుకు పోయి వచ్చినాడు. ఆ కాలం సర్వీసులో కలిపినారు. కలపవలసిందే, మనసారా సంతోషించినాను అప్పట్లో. ఆ రోజు మాత్రం ఇంటికి నడుస్తూ ఒక ఆలోచన వచ్చింది. తాళం వేసిన గదిలో ఆయన ఉన్న కాలం పనిచేసినట్టు లెక్కకు వచ్చింది. తాళం లేని ఇంట్లో ఒక్క పూట కూడా కదలలేక నేను ఉన్న కాలం దేని లెక్కకూ రాలేదు. జైలు సర్కారుది, ఇల్లు నాది. నాది అయినందుకే సొంత పని అయింది.

సంగతి విని మా ఆయన శాంతంగానే మాట్లాడినాడు. ఆయనకు కోపం రాదు, అదే ఆయన గొప్ప అని మా వైపు వాళ్ళు అంటారు. “దీనికింత అవస్థ ఏంటికి? రాజీనామా ఇచ్చెయ్. నీకు పెన్షన్ ఏంటికి, నేను లేనా?” అన్నాడు.

ఆయన ఉన్నాడు. మా అమ్మకు కూడా మా నాయన ఉండేవాడు. ఆయన పోయినాక మా అమ్మ ఆకు వక్కకు మా అన్న దగ్గర నిలబడి, వాడు చేను సంగతులు మాట్లాడటం ముగించేదాకా కాచుకొని, నోటిదాకా వచ్చిన మాట మింగి లోపలికి పోవడం నేను చూసినాను. ఇంత సంసారం నడిపిన మా అత్త, మంచాన పడకముందు కూడా, అహోబిలం తిరునాళ్ళకు పోవాలంటే ఇద్దరు కొడుకుల మొహాలూ మార్చి మార్చి చూసేది. ముసలితనంలో నేను ఎవరి మొహమూ అట్లా చూడకూడదని, లెక్చరరుగా చేరిన రోజే అనుకున్నాను. జీతం ఎట్లాగూ ఇంట్లో కలిసిపోతుంది, అది ఇంటిది. పెన్షన్ ఒక్కటే, ఎప్పటికో వచ్చేది, నాది అనుకున్నది. ఇది మా ఆయనకు చెబితే, “అంటే నేను ముందే పోతాననా నీ లెక్క?” అని నవ్వినాడు. లోపలి నుంచి అత్త, “ఆ మాట అనొద్దు నాయనా, వాళ్ళు తిరుగుతాంటారు” అని అరిచింది.

రాజీనామాకు నేను ఒప్పుకోలేదు. అప్పుడు ఆయనే డాక్టరు జ్ఞానరాజు గారిని ఇంటికి పిలిచినాడు. ఇద్దరూ వరండాలో కూర్చున్నారు. మళ్ళీ అదే వరండా, మళ్ళీ లోపల నేను, కాఫీ. క్షయ అని రాస్తే ఇంక కాలేజీలోకి రానీయరు. కడుపులో పుండు అంటే ఇంత కాలం నిలవదు. కీళ్ళవాతం అంటే వయసు చాలదు. చీరల అంగట్లో చీరలు పరచి ఎంచినట్టు నాకు జబ్బు ఎంచుతున్నారు. ఒకటి నప్పదు, ఒకటి అతకదు. చివరికి డాక్టరుగారు, “నరాల బలహీనతతో మనసుకు స్థిమితం తప్పింది అంటే ఎంత కాలమైనా సరిపోతుంది. ఆడవాళ్ళకు ఎవరూ అనుమానపడరు” అన్నాడు. “దివ్యంగా ఉండాది” అన్నాడు మా ఆయన.

డాక్టరు పోయినాక ఆ కాగితం తెచ్చి నా ముందు పెట్టినాడు. నేను ఒప్పుకుంటున్నట్టు కింద సంతకం చేయాలి. కలం మూత తీసి ఇచ్చినాడు కూడా. నేను చదివినాను. నిద్ర లేమి, అకారణ దుఃఖం, ఇంటి పనులు చేసుకోలేని స్థితి. ఇంటి పనులు చేసుకోలేని స్థితి! నా చేతులు అప్పుడు కూడా నూనె వాసన వేస్తున్నాయి. సంతకం చేస్తే ఎనిమిదేళ్ళు మిగులుతాయి. కానీ ఈ ఏళ్ళలో నేను ఎత్తిన మనిషి, తిప్పిన మనిషి, ఉతికిన గుడ్డలు, అన్నీ ఒక పిచ్చిదాని కలలో జరిగినట్టు అవుతాయి. రేపు క్లాసులో ఏ పిల్లవాడి మీద కోప్పడినా, ఇంట్లో ఏ మాటకు ఎదురు చెప్పినా, “పాపం, ఆమెకు అప్పట్లో...” అని అంటారు. ఈ ఇంట్లో నేను మాట్లాడే ప్రతి మాటకూ ఈ కాగితం ముందే జవాబు చెప్పి కూర్చుంటుంది. చేయకుంటే నా చదువు, నా ఎనిమిదేళ్ళు, నా ముసలితనం పోతాయి. కలం చేతిలో పెట్టుకొని అట్లాగే కూర్చున్నాను.

“ఏం జబ్బంట?” అని మంచం మీది నుంచి అత్త అడిగింది.

“ఉత్త కాయితానికే లేమ్మా. మతి స్థిమితం తప్పిందని రాసినాం” అన్నాడు మా ఆయన.

“ఎవురికి?”

“తిరుపతమ్మకు.”

గిడ్డమ్మ అత్త పాదాలు ఒత్తుతూ ఆగిపోయింది. తర్వాత అత్త, ఒక్కొక్క మాటా నోటి మూలలో నుంచి తోసుకుంటూ, “దానికి మతి తప్పింటే నాకు ఎప్పుడో పురుగులు పడిండేవి కదప్పా” అంది. నేను ఉలిక్కిపడినాను. ఆమె నోటి నుంచి అట్లాంటి మాట ఎన్నడూ వినలేదు. ఎడమ చెయ్యి మంచం పట్టె మీద ఆనించి తల ఎత్తబోయింది. నేను పోయి పట్టుకున్నాను. “రాయి” అంది నాతో. “నా పేరు రాయి. మహాదేవమ్మకు పక్షవాతం అని రాయి.”

ఆ పేరు ఆమె పలకడం అదే మొదలు.

“అత్తా, వద్దులే” అన్నాను.

“అనేసినా కదమ్మీ. వినేవాళ్ళు విన్నారు. ఇంక రాసేదానికి ఏముండాది? కుడి చెయ్యి పోయింది, కాలు పోయింది, కింద పెట్టిన గుడ్డ నేను తీసుకోలేను అని రాయి. దీనికి ఏ జబ్బూ లేదు, ఇది లేకుంటే నేను లేను అని రాయి.”

“అమ్మా, ఇట్లాంటివి ఆఫీసులో చెల్లవు. నవ్వుతారు” అన్నాడు మా ఆయన.

“నవ్వనీ. నువ్వు కోర్టులో సాచ్చికాలు తెచ్చి నిలబెడతావు కదా. నా సాచ్చికం ఏంటికి చెల్లదు?”

నేను రాసినాను. ఆమె చెప్పింది చెప్పినట్టు తెలుగులో ఒకటి, ఆఫీసుకు ఇంగ్లీషులో ఒకటి. చదివి వినిపించినాను. గిడ్డమ్మ సిరా తెచ్చింది. ఎడమ చేతి బొటనవేలు ముద్ర నేను వేయించబోతే ఆమె నా చెయ్యి తోసేసి తనే వేసింది. ముద్ర కొంచెం అలికినట్టు అయింది. డాక్టరు కాగితాన్ని నేను మడిచి మా ఆయన కోటు జేబులో పెట్టినాను. మరుసటి రోజు శేషన్న గారు మా అత్త కాగితం చదివి, “పంపుతానమ్మా. నియమాల్లో దీనికి చోటు లేదు. అయినా పంపుతాను” అన్నాడు.

ఆ కాగితం హైదరాబాదు చేరిందో లేదో, ఒక తెల్లవారుజామున మా అత్తకు రెండోసారి వచ్చింది. ఈసారి మాట కూడా మిగల్చలేదు. మూడో పొద్దుకు ఆమె పోయింది.

కర్మంతరానికి బంధువులందరూ వచ్చినారు. “ఇన్నాళ్ళు ఆ పేరు నోట రాకుండా కాపాడుకొనింది పాపం. కోడలు దుడ్ల కోసరం ఆ మాట అనిపించింది” అని మా తోటికోడలు వంటింట్లో అంది. నేను వినాలనే అంది. ఎవరూ కాదనలేదు. ఆ రోజు సాయంత్రం మా ఆయన దీపం దగ్గర నిలబడి, “నువ్వు ఆ డాక్టరు కాయితం మీద సంతకం చేసింటే అయిపోయేది కదా” అన్నాడు. ఆయన కళ్ళలో నిజమైన నీళ్ళు ఉన్నాయి. ప్లీడరు వాదిస్తే ఎదురు వాదించవచ్చు, తల్లి పోయిన కొడుకుతో ఏమి వాదించేది? రెండోసారి వచ్చే అవకాశం ఉందని డాక్టరు ముందే చెప్పినాడు. నాకు తెలుసు. తెలిసినా, ఇప్పటికీ పొద్దు వాలే వేళ దీపం పెడుతుంటే చెయ్యి ఒక్క క్షణం ఆగుతుంది.

పై నుంచి జవాబు వచ్చింది. అత్తగారి అనారోగ్యం ఉద్యోగిని అనారోగ్యం కాదు. మునుపటి సర్వీసు పెన్షన్‌కు పరిగణించబడదు. ఇష్టమైతే కొత్తగా చేరవచ్చు.

చేరినాను. నా చోట్లోకి వచ్చింది అనంతపురంలో నా దగ్గర చదువుకున్న రామలక్ష్మమ్మే. ఇప్పుడు హాజరు పట్టీలో ఆమె పేరు పైన, నాది అందరికంటే కింద. మొదటి రోజు ఆ పిల్ల లేచి నిలబడి, తన కుర్చీ నా వైపు జరిపి, “కూర్చోండమ్మా” అంది. చెవులు ఎర్రబడిపోయినాయి పాపానికి. “నువ్వు కూర్చో. నేను కొత్తగా వచ్చినదాన్ని” అన్నాను. అందరూ నవ్వినారు, నేనూ నవ్వినాను. స్టాఫ్ రూములో కొత్తవాళ్ళకు ఇచ్చే కుర్చీకి ఒక కాలు పొట్టి. ఈ వయసులో మళ్ళీ సమంగా కూర్చోవడం నేర్చుకుంటున్నాను.

కొత్తగా చేరిన లెక్కన, వయసు నిండేసరికి పూర్తి పెన్షన్‌కు నాకు ఏళ్ళు చాలవు. మా ఆయన ఇప్పటికీ, “ఏంటికి ఈ పంతం, నేను లేనా?” అంటాడు. నేను చపాతీ పిండి కలుపుతూనో, పేపర్లు దిద్దుతూనో ఊకొడతాను. ఏటా వేసవి సెలవుల్లో మాత్రం ఒక అర్జీ పంపుతాను. దానికి మా అత్త మాటలు కొత్తగా రాసి జత చేస్తాను, ఒక్క ముక్క మార్చకుండా. ఏటా అదే జవాబు వస్తుంది. ఆఫీసులో ఆ జవాబు రాసే ఆయన రిటైరై పెన్షన్ మీద పోయినాడని మొన్న తెలిసింది. వచ్చే ఏడు కొత్తాయన రాస్తాడు.

మా అత్తకు ఆ రోజు భయం పోయి ఆ మాట అనలేదు. దేవతల మీద నమ్మకం పోయి అనలేదు. ఆ మాట అంటే ఏమవుతుందో తన లెక్క ప్రకారం ఆమెకు తెలుసు. తెలిసి, నమ్ముతూనే అంది. నా అర్జీని మీరు మరిచిపోయినా పరవాలేదు. ఏ ఆఫీసు కాగితంలోనైనా 'సొంత పనుల మీద' అన్న మాట కనబడితే మాత్రం, ఒక్కసారి ఆగి మా మహాదేవమ్మను గుర్తు చేసుకోండి.